మూగబొమ్మల అపార్థాలు

పాంచాలంకురిచ్చి పేరు ఎత్తగానే మనవాళ్లలో చిన్నపిల్లవాడికి కూడా కట్టబొమ్మన జ్ఞాపకం వస్తాడు. 1959లో బి. ఆర్. పంతులుగారు తీసిన చిత్రం పుణ్యమా అని శివాజీ గణేశన్ మీసమూ, గొంతుకా ఆయనవే అయిపోయినవి. 1799 అక్టోబరు 16వ తేదీన కయత్తారులో ఉరి, అంతకుముందు కోట ముట్టడి, దానికి ముందు కలెక్టరు జాక్సనుతో పేచీ, ఇవన్నీ మన పెద్దలు పలుమార్లు చెప్పినవే. వాటిని మళ్లీ వ్రాయబోవడం లేదు. పండుగపూట నవ్వుకొనే మాటలు నాలుగు చెప్పాలని మా కోరిక. అయినా మన గడ్డను విడిచి పోలేము గనుక ఆయన తమ్మునితో మొదలుపెడతాము.

ఆ తమ్ముని అసలు పేరు కుమారస్వామి. మాట సరిగా రానివాడు గనుక తమిళులు ఊమైత్తురై అన్నారు. అనగా మూగదొర. 1801 ఫిబ్రవరిలో పాళయంకోట చెరనుంచి తప్పించుకొని వచ్చి, కూలిన కోటను కొద్దిరోజులలోనే తిరిగి లేపి, మే నెలదాకా కుంపిణీ ఫిరంగులకు ఎదురు నిలిచిన మనిషి. అవతలిపక్షాన పోరాడిన జేమ్స్ వెల్ష్ అనే సైనికోద్యోగి 1830లో అచ్చయిన తన జ్ఞాపకాలలో యీయన సంగతి ముచ్చటగా వ్రాశాడు. ఎడమ అరచేతిలో గడ్డిపరకలు కొన్ని పరచి, ఇవి ఇంగ్లీషువాళ్లు అని చూపేవాడట. వేళ యెప్పుడో మరొక సైగతో తెలిపి, రెండవ చేతితో ఆ పరకలను ఒక్క తుడుపు తుడిచి, నోటితో రివ్వుమని చప్పుడు చేసేవాడట. అంతే, దాడికి ఆజ్ఞ అయినట్టే. ఆ సైగను తప్పుగా అర్థం చేసుకొనడానికి వీలేది?

మాటలున్నవారి సంగతి చూడండి. 1798 సెప్టెంబరులో రామనాథపురంలో జాక్సనుకూ కట్టబొమ్మనకూ నడుమ ఉత్తరాలు, లెక్కలు, సంజాయిషీలు ఎన్ని నడిచినవో! చివరకు తోపులాట, కత్తులు, ఒక ఇంగ్లీషు లెఫ్టినెంటు చావు. పక్కనున్న ఎట్టయాపురంవారితో పొలిమేర తగవు. వారూ మన భాషవారే. ఒకే భాష మాట్లాడుకొనే రెండు ఇళ్ల మధ్య ఈర్ష్య ఎంతదూరం పోతుందో మన చరిత్రకంటె బాగా ఎవరూ చెప్పలేరు. ఈనాటికీ తమిళంలో ద్రోహిని ఎట్టప్పన్ అంటారు. ఆ యింటివారి మనస్సుకు అది ఎలా వుంటుందో ఎవరైనా ఆలోచించారా అని మాకు అప్పుడప్పుడు అనిపిస్తుంది. కాని అది వేరే వ్యాసం.

మాటలేని సినిమాకు కూడా తమిళులు ఆ మాటనే వాడారు: ఊమైప్పడం. మనం మూకీ అన్నాము. మన మూగదొర చేతిలో గడ్డిపరకలకూ, తెరమీద మూగబొమ్మలకూ చుట్టరికం కలపడం మా చాపల్యమే కావచ్చు. అయినా సైగను నమ్ముకొని వేలమందిని కదిలించడమనే విద్య రెండింటికీ ఒకటే. తేడా ఒక్కటున్నది. దొరగారి సైగలో అపార్థానికి చోటు లేదు. సినిమావారు అపార్థాన్నే పెట్టుబడిగా పెట్టారు.

సినిమా పుట్టిన రోజునే నవ్వు కూడా పుట్టింది. 1895 డిసెంబరు 28న ప్యారిస్‌లో లూమియేర్ సోదరులు డబ్బు పుచ్చుకొని చూపిన చిన్న చిన్న బొమ్మలలో తోటమాలి బొమ్మ ఒకటి. మాలి గొట్టంతో చెట్లకు నీళ్లు పెడుతుంటాడు. వెనుకనుంచి కుర్రవాడు వచ్చి గొట్టాన్ని కాలితో తొక్కుతాడు. నీళ్లు ఆగినవేమా అని మాలి గొట్టంలోకి తొంగిచూస్తాడు. కుర్రవాడు కాలు తీస్తాడు. తరువాతి సంగతి చెప్పనక్కరలేదు. నిమిషంకూడా పట్టని యీ కథలో హాస్యశాస్త్రమంతా వున్నది. మనకు తెలిసినది మాలికి తెలియదు. ఆ తెలియకపోవడమే నవ్వు. మరుసటి ఏడు జూలై 7న బొంబాయి వాట్సన్ హోటలులో లూమియేర్ వారి బొమ్మలు మనదేశానికి వచ్చినవి.

మన దక్షిణాదికి సినిమాను ఊరూరా మోసుకొచ్చిన పుణ్యాత్ముడు తిరుచిరాపల్లి రైల్వేలో నక్షాలు గీసే ఉద్యోగి సామికణ్ణు విన్సెంటు. 1905లో డుపాంట్ అనే ఫ్రెంచివాని దగ్గర యంత్రమూ ఫిలిములూ కొని, ఉద్యోగం వదిలి, డేరా వేసుకొని తిరిగాడు. మన తెలుగువారిలో ఆ ఘనత రఘుపతి వెంకయ్యగారిది. మచిలీపట్నంనుంచి మద్రాసు వలసవచ్చి ఫొటోలు తీసుకొని బ్రతికినవారు. అంటే ఆయనా మనవంటి వలసవారే. 1910లో క్రోనోమెగాఫోను అనే యంత్రం తెప్పించి వూళ్లు తిరిగారు. తరువాత మద్రాసులో గెయిటీ, క్రౌన్, గ్లోబ్ హాళ్లు కట్టారు. కుమారుడు ప్రకాశ్‌ను విదేశాలకు పంపి విద్య నేర్పించారు. ఆ ప్రకాశ్‌గారే 1921లో భీష్మప్రతిజ్ఞ తీశారు.

డేరాలో బొమ్మ ఎలా ఆడేదో నేటి పిల్లలకు చెప్పినా నమ్మరు. యంత్రాన్ని చేతితో తిప్పేవారు. తిప్పేవాడికి ఆకలి వేస్తే బొమ్మ పరుగెత్తేదన్నమాట! ఒక రీలు పది పదిహేను నిమిషాలు. రీలు మార్చేవేళ పాటో, హార్మోనియమో. మధ్యమధ్య అక్షరాలు తెరమీద పడేవి. కాని నేలమీద కూర్చున్నవారిలో చదువు వచ్చినవారెందరు? అందుకని తెర పక్కన ఒకడు నిలబడి కథ చెప్పేవాడు. బొమ్మలో దొరసాని నోరు కదిలితే, ఆ మాటలు వీడు పలికేవాడు. ఏమి పలికాడో ఆ వూరి భాషను బట్టి వుండేది. అమెరికాలో పుట్టిన దొరసాని ఒక వూళ్లో తమిళం, ఇంకొక వూళ్లో తెలుగు మాట్లాడేదన్నమాట. ఒక్క రీలుకు ఎన్ని భాషలైనా అమరేవి.

అప్పుడు మన హాళ్లలో ఆడినవి అధికభాగం విదేశీ బొమ్మలే. 1927లో ప్రభుత్వం వేసిన సినిమా విచారణ సంఘానికి మన మద్రాసు దివాన్ బహదూర్ టి. రంగాచారిగారే అధ్యక్షులు. ఆ సంఘంవారు తేల్చినదీ అదే. ఎడ్డీ పోలో సాహసాలు, చాప్లిన్ అల్లరి డేరాలలో నేలతరగతివారికి ప్రాణం.

ఆ అల్లరిలో ఒకదాన్ని కాస్త విప్పి చూపుతాము. 1914 ఫిబ్రవరి 9న విడుదలైన ఒక రీలు బొమ్మ. పేరు మేబెల్స్ స్ట్రేంజ్ ప్రెడికమెంట్. మేబెల్‌కు వచ్చిన వింత చిక్కు అనుకోండి. కీస్టోన్ సంస్థవారిది. నాయిక మేబెల్ నార్మండ్. ఆ కాలంలోనే స్వయంగా చిత్రాలకు దర్శకత్వం వహించిన స్త్రీ. క్షయరోగంతో 1930లో, నలభై నిండకుండానే పోయింది. చాప్లిన్ ఆ వదులు లాగు, బిగుతు కోటు, చిన్న టోపీ, పెద్ద బూట్లు, చేతికర్ర మొదట తగిలించుకొన్నది యీ బొమ్మకే. అయితే జనం ఆ వేషాన్ని ముందు చూసింది రెండురోజుల ముందు, 7వ తేదీన వచ్చిన మరొక బొమ్మలో. తరువాత తీసినది ముందు వచ్చింది.

కథ యింతే. హోటలు వరండాలో తాగి తూలుతున్న పెద్దమనిషి చాప్లిన్. మేబెల్ తన గదిలో రాత్రి దుస్తులతో కుక్కపిల్లతో ఆడుకొంటుంటుంది. బంతి గది బయటికి పోతుంది. దానికోసం బయటికి వస్తే తలుపు మూసుకుపోతుంది. ఆ వేషంతో వరండాలో చిక్కింది పాపం! తాగుబోతు వెంటబడతాడు. దిక్కుతోచక ఎదుటి గదిలో దూరి మంచంకింద దాక్కుంటుంది. ఆ గదిలో భార్యాభర్తలు. భర్త ఏ పాపమూ ఎరుగడు. అతని భార్య వస్తుంది. మంచంకింద పరాయి ఆడది! ఆ సమయానికే మేబెల్‌ను వలచినవాడు కూడా తయారు. వానికి కనిపించింది వేరు, ఆమెకు కనిపించింది వేరు. ఇక జుట్లు, గొడుగులు, తన్నులు.

ఇందులో ఒక చిత్రమున్నది. నాటకంలోనైతే యీ అపార్థం ఒక్క మాటతో తీరిపోతుంది. "అమ్మా, నా గది తలుపు పడిపోయింది" అంటే చాలు. రచయిత ఆ మాట రాకుండా చూడడానికి నానాపాట్లు పడాలి. మూకీలో ఆ చిక్కు లేదు. మేబెల్ నోరు కదులుతూనే వుంటుంది. చేతులు తిప్పుతుంది. అయినా మన చెవిని ఏదీ పడదు. కనుక ఆ ఇల్లాలి చెవినీ పడనట్టే మనం ఒప్పుకొంటాము. పైగా ఆమె చేతులు ఎంత ఊపితే అంత నేరస్థురాలిగా కనుపిస్తుంది. రెండు గదులూ, నడుమ వరండా మనకు మాత్రమే తెలుసు. తెరలోని ప్రతి మనిషికీ ఒక్క గదే తెలుసు. ఈర్ష్య అంటేనే ఒక్క గది చూసి ఇల్లంతా తెలిసిందనుకొనడం గదా!

ఇది అమెరికావారి సొంత సరుకని వారు మురిసిపోనక్కరలేదు. అంతకుముందే ఫ్రాన్సులో మాక్స్ లిండర్ శుభ్రమైన కోటు, పొడుగు టోపీ వేసుకొని వలపు చిక్కులలో పడి నవ్వించాడు. చాప్లిన్ ఆయనను గురువన్నాడు. మరి మనకో? నారదుడు తెచ్చిన పారిజాత పుష్పం ఒక్కటి రుక్మిణి కొప్పులో పడ్డది. ఆ వార్త చెలికత్తె నోట విన్న సత్యభామ కోపగృహం చేరింది. శ్రీకృష్ణుడంతవాడు కాళ్లమీద పడితే తన్నులు తిన్నాడు. నంది తిమ్మన దీనిని కావ్యం చేశాడు. కూచిపూడివారు భామాకలాపంతో శతాబ్దాలు నిలిచారు. మన తమిళనాట తంజావూరు సీమలో మెలట్టూరు భాగవతులు నేటికీ తెలుగు నాటకాలే ఆడుతున్నారు. చూసేవారి ఇంటిభాష తమిళమైనా ఆడేవి తెలుగువే. ఈర్ష్యపడిన ఇల్లాలి నడక, మెడ విరుపు, జడ విసురు వీటికి నిఘంటువు అక్కరలేదు. మంచంకింద మేబెల్‌ను చూసిన ఆ దొరసాని నడుముమీద చేయి పెట్టుకొని నిలబడినప్పుడు, గౌను తీసివేసి చూస్తే మన సత్యభామే.

దక్షిణాదిన తయారైన మొదటి కథాచిత్రం కూడా అపార్థం కథే కావడం విశేషం. మోటారు వర్తకులైన నటరాజ మొదలియారుగారు 1916-18 నడుమ మద్రాసులో తీసిన కీచకవధ. చీకటి నాట్యశాల, పడకమీద సైరంధ్రి వుందనుకొని కీచకుడు మురిసి వస్తాడు, అక్కడ వున్నది భీముడు. భారతంలో అది వధ. తెరమీద ఆ మురిపం చూసి నవ్వనివాడెవడు? అదే ఘట్టాన్ని 1963లో నర్తనశాలలో ఎస్. వి. రంగారావుగారు ఎలా నడిపారో మీలో చాలమందికి కళ్లకు కట్టినట్టుంటుంది. మొదలియారుగారి బొమ్మ మాత్రం నేడు ఒక్క అడుగుకూడా లేదు. ప్రకాశ్‌గారి భీష్మప్రతిజ్ఞ లేదు. 1914నాటి మేబెల్ చిక్కు నిలిచింది, మన భీష్ముని ప్రతిజ్ఞ నిలువలేదు. ఇది మాకు మింగుడుపడని సంగతి.

పూర్తిగా హాస్యమే వృత్తిగా పెట్టుకొన్న మూకీలు తెలుగునేలమీద తయారైనవంటే చాలమంది ఆశ్చర్యపోతారు. తీసినవాడు బెంగాలీ, ధీరేంద్రనాథ గంగూలీ. హైదరాబాదులో నిజాం చిత్రకళాశాలలో ఉపాధ్యాయుడుగా వుండి, తన ముఖాన్నే రకరకాల వేషాలలో, భావాలలో ఫొటోలు తీసుకొని పుస్తకం వేసిన విచిత్రపురుషుడు. సీమనుంచి తిరిగివచ్చిన నల్లదొరలను వెక్కిరిస్తూ 1921లో కలకత్తాలో బిలాత్ ఫెరత్ అనే బొమ్మ వచ్చింది. దానికి ప్రాణం ఆయనే. మరుసటి ఏడు హైదరాబాదు వచ్చి లోటస్ ఫిలిం కంపెనీ పెట్టి, రెండేళ్లలో అరడజనుకు పైగా చిత్రాలు తీశాడు. లేడీ టీచర్, మ్యారేజ్ టానిక్ అనే పేర్లు చూస్తేనే సంగతి తెలిసిపోతుంది. ఇంటిలో భార్యాభర్తల పేచీని, వీధిలో కొత్త నాగరికతను నవ్వులకు ఎక్కించినవాడు. కాని 1924లో రజియా బేగం అనే చిత్రాన్ని తన హాలులో ఆడించాడు. ముస్లిం రాణి హిందువును ప్రేమించిన కథ. నిజాం ప్రభువుకు ఆగ్రహం వచ్చింది. ఊరు విడిచి పొమ్మని ఆజ్ఞ. గంగూలీ కలకత్తాకు దారిపట్టాడు. 1975లో ఆయనకు ఫాల్కే పురస్కారం వచ్చింది. హైదరాబాదులో హాస్యచిత్రాల పరిశ్రమ మొలకలోనే వాడిపోయింది. అపార్థాలమీద బ్రతికినవాడిని కోపమే వూరు దాటించింది.

ఇక మూగనోరు విప్పిన సంగతి. 1931 అక్టోబరు 31న మద్రాసు కినిమా సెంట్రల్‌లో కాళిదాసు విడుదలైంది. మన హెచ్. ఎం. రెడ్డిగారి దర్శకత్వం. బొంబాయిలో అర్దేషిర్ ఇరానీగారి ఇంపీరియల్ కంపెనీ చిత్రం. ఫిలిం పెట్టెలు మద్రాసు స్టేషనులో దిగితే జనం కొబ్బరికాయలు కొట్టి, పూలు చల్లి వెంటనడిచారట. అందులో నాయిక టి. పి. రాజలక్ష్మి తమిళంలో మాట్లాడుతుంది. నాయకుడు తెలుగులో జవాబిస్తాడు. మధ్యలో త్యాగరాజ కీర్తనలు. నేటివారు విని నవ్వుతారు. మేము మాత్రం నవ్వలేము. మన ఇళ్లలో తాతకూ మనుమడికీ రోజూ జరిగే సంభాషణ అదే గదా! అవ్వ తెలుగులో "అన్నం తిన్నావట్రా" అంటుంది, వాడు తమిళంలో "అప్పుఱం" అంటాడు. ఇద్దరికీ అర్థమవుతుంది. కాళిదాసు చిత్రం మనకోసమే తీసినట్టున్నది.

ఆ కాళిదాసుని గురించే మనవాళ్లు చెప్పే కట్టుకథ మీరెరుగుదురు. పండితులు ఓడినవారై కసితో, కూర్చున్న కొమ్మనే నరుక్కొనే మూఢుని తెచ్చి, మౌనవ్రతంలో వున్న మహాపండితుడని రాజకుమారి ముందు నిలబెట్టారు. ఆమె ఒక వేలు చూపింది, పరతత్త్వం ఒక్కటే గదా అని. వీడు తన కన్ను పొడుస్తానంటున్నదనుకొని, నీ రెండు కళ్లూ పొడుస్తానని రెండు వేళ్లు చూపాడు. జీవాత్మ పరమాత్మలు రెండు అంటున్నారని పండితులు భాష్యం చెప్పారు. పెళ్లి అయిపోయింది! ఇంతకంటె మంచి మూకీ హాస్యచిత్రం హాలీవుడ్‌వారు తీశారా? పండితుల అసూయ, పిల్లదాని అపార్థం, నడుమ రెండు వేళ్లు. మన మొదటి మాటల చిత్రానికి ఆ మహానుభావుడే నాయకుడు కావడం తమాషా. 1932 ఫిబ్రవరి 6న భక్తప్రహ్లాద వచ్చింది. అది పూర్తిగా తెలుగు. అక్కడనుంచి తమిళ బొమ్మ తమిళానికీ, తెలుగు బొమ్మ తెలుగుకూ పోయినవి. కోవిల్‌పట్టి, విరుదునగరం వైపు మనవాళ్లు ఆ రెండింటి నడుమ నేలతరగతిలో కూర్చుండిపోయారు.

మాట వచ్చాక అపార్థాలు తగ్గినవా? మా బంధువులలో ఒక కోడలు గుంటూరుసీమనుంచి వచ్చింది. చేతిసంచి పట్టుకొని గబగబ వీధిలోకి వస్తుంటే, పొరుగింటి తమిళమ్మ ప్రేమగా "ఎన్నమ్మా, అవసరమా?" అన్నది. తొందరగా పోతున్నావా అని ఆవిడ భావం. ఇప్పుడు నీవు బజారు పోవడం అవసరమా అని మన పిల్లకు వినిపించింది. రెండురోజులు ఆ గడప తొక్కలేదు. పిల్ల పసిది అని చెప్పబోతే ఆకలి అనుకొని ఇడ్డెన్లు తెచ్చిపెట్టిన ఘట్టం ఇంకొకటి. మన ఇల్లు వారికి ఇల్లై. ఊమైదొర వుంటే గడ్డిపరకలతో తేల్చివేసేవాడు.

ఈ అపార్థ విద్యను మూకీలనుంచి మన ఇంటికి తెచ్చినవారు ఎల్. వి. ప్రసాద్‌గారు అంటే అతిశయోక్తి కాదు. ఏలూరు దగ్గర సోమవరప్పాడు కుర్రవాడు. ఇంటిలో చెప్పకుండా బొంబాయి పారిపోయి, మూకీల కాలంలోనే తెరమీద చిన్నచిన్న వేషాలు వేసి, ఆలం ఆరా, కాళిదాసు, భక్తప్రహ్లాద మూడింటిలోను కనుపించినవారు. ఆయనే 1955లో మిస్సమ్మ తీశారు. బెంగాలీ కథ ఆధారం. ఉద్యోగంకోసం భార్యాభర్తలమని అబద్ధం చెప్పిన రావు, మేరీ. రావు సీతకు సంగీతం నేర్పబోతే మేరీకి కుళ్ళు. అబద్ధపు మొగుడిమీద నిజమైన అసూయ! జమీందారుకు ఒకటి తెలుసు, డిటెక్టివు రాజుకు ఒకటి తెలుసు, మనకు అన్నీ తెలుసు. 1914నాటి హోటలు వరండాయే అప్పాపురం జమీందారు ఇంటికి వచ్చింది, కాస్త మర్యాదగా, సావిత్రి కంటిచూపుతో. ఆ కథనే ఆయన తమిళంలోను తీశారు. మన ఇళ్లలో రెండూ చూసి, ఏది మేలని ఇప్పటికీ పోట్లాడుకొనేవారున్నారు. మేము ఆ పోట్లాటలో తలదూర్చము.

కిందటి ఉగాదినాడు మన పిల్లలకు మేబెల్ బొమ్మను గోడమీద వేసి చూపించాము. పంచాంగశ్రవణం అయింది, పచ్చడి అయింది. ఈ రోజుల్లో వెనుక ఏదో సంగీతం అతికిస్తారు. అది తీసివేశాము. కరిసల్ పల్లెనుంచి వచ్చిన ఒక అవ్వ ముందు చాపమీద కూర్చున్నది. చదువుకొన్నది కాదు. పది క్షణాలలో పాత డేరావాడిలాగా కథ చెప్పడం మొదలుపెట్టింది, మన నల్లరేగడి తెలుగులో: "అదో, తలుపు పడిపోయా... అయ్యో, తాగినోడు వస్తా వుండాడు... దూరే దూరే, మంచం కిందికి దూరే." పిల్లలు పడిపడి నవ్వారు. భార్య వచ్చి నడుముమీద చేయి పెట్టగానే అవ్వ చప్పట్లు చరిచి, "వచ్చెరా సత్యభామ!" అన్నది.

ఒక కుర్రవాడు తమిళంలో, "సత్యభామ యారు, అవ్వా?" అని అడిగాడు.

అవ్వ తెరవైపు వీపు తిప్పి కూర్చున్నది. నారదుడు, పారిజాతం, రుక్మిణి కొప్పు, ఒక్కొక్కటిగా మొదలుపెట్టింది. వాడు మధ్యమధ్య తమిళంలో అడుగుతున్నాడు, ఆవిడ తెలుగులో చెబుతున్నది. తక్కిన పిల్లలు కూడా జరిగి జరిగి దగ్గరకు వచ్చారు. ఆమె వెనుక గోడమీద దొరలు, దొరసానులు కొట్టుకొని కొట్టుకొని, బొమ్మ అయిపోయి, గోడ తెల్లబడింది. కృష్ణుడు తన్నులు తిన్నదాకా చెప్పి అవ్వ ఆగింది. పిల్లలు వెనుదిరిగి చూసి, బొమ్మ మొదటినుంచి మళ్లీ వేయమన్నారు. వేశాము.